ఒకే రచయిత వెంటపడి చూడటం ఎలా: జపాన్ స్క్రీన్‌రైటర్ సకమోటో యూజీతో మొదలుపెట్టండి

జపాన్ సినిమాలు చూసేవాళ్లం మామూలుగా డైరెక్టర్ పేరు పట్టుకుని పోతాం. ఒకాయనవి అన్నీ అయిపోతే ఇంకొకాయన, ఆయనవీ అయిపోతే మరొకాయన. నేనూ ఏళ్ల తరబడి అదే చేశాను. 2023లో వచ్చిన 'మాన్‌స్టర్' చూసి, ఇది అచ్చంగా దాని డైరెక్టర్ కొరె-ఎడా హిరోకజు మార్కు సినిమా అని కనపడ్డవాళ్లందరికీ చెప్పుకు తిరిగాను. తీరా చూస్తే ఆ స్క్రిప్ట్ ఆయనది కాదు. 1995లో తీసిన తొలి సినిమా తర్వాత ఆయన వేరేవాళ్లు రాసిన స్క్రిప్ట్‌ని తెరకెక్కించడం అదే మొదటిసారి. రాసింది సకమోటో యూజీ, ఆ ఏడాది కాన్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో ఉత్తమ స్క్రీన్‌ప్లే అవార్డు కూడా ఆయనకే. అప్పటికి ఆయన రాయడం మొదలుపెట్టి 36 ఏళ్లు, నాకేమో పేరు కూడా తెలియదు.

పరువు పోయింది కాబట్టి వెనక్కి వెళ్లి ఒక్కొక్కటీ చూడటం మొదలుపెట్టాను. ఆ పని ఎలా చేస్తే దారి తప్పకుండా ఉంటుందో చెప్తాను. సకమోటో నచ్చకపోతే ఇంకెవరినైనా పెట్టుకోండి, పద్ధతి అదే.

ముందు పేరు సంగతి

ఇది చిన్న విషయంలా కనిపిస్తుంది గానీ నాకు రెండు రోజులు తిన్నది. 'సకమోటో' అని వెతికితే మొదట వచ్చేది సంగీత దర్శకుడు ర్యూయిచి సకమోటో. పైగా 'మాన్‌స్టర్'కి సంగీతం ఇచ్చింది కూడా ఆయనే, సినిమా విడుదలకు కొద్ది నెలల ముందు, 2023 మార్చిలో పోయారు. ఒకే సినిమాలో ఇద్దరు సకమోటోలు, ఇద్దరికీ చుట్టరికం లేదు. జపనీస్ లిపిలో రాస్తే ఇంటిపేరులో రెండో అక్షరం వేరు, పలకడం మాత్రం ఒకటే. కాబట్టి ఏదైనా నమ్మకమైన పేజీ నుంచి ఆయన పేరుని జపనీస్ అక్షరాల్లోనే కాపీ చేసుకుని ఫోన్‌లో దాచుకోండి, ఎప్పుడు వెతికినా దాన్నే పేస్ట్ చేయండి. ఇంగ్లిష్ అక్షరాల్లో వెతికితే దొరకని పాత సీరియళ్లు కూడా అప్పుడు బయటపడతాయి. ఇంటిపేరు ముందు, సొంతపేరు తర్వాత అన్నది మనకి అలవాటే కాబట్టి అక్కడ గొడవ లేదు, కాకపోతే బయటి సైట్లు తిరగేసి రాస్తాయి, రెండు రకాలుగానూ చూసుకోవాలి.

టైటిల్స్‌లో ఏ పదం ఎవరిది

నాలుగు పదాలు తెలిస్తే చాలు. 'క్యకుహోన్' అంటే స్క్రిప్ట్. మన టైటిల్ కార్డుల్లో స్క్రీన్‌ప్లే ఒకరు, మాటలు ఒకరు అని విడిగా వేస్తారు కదా, అక్కడ ఆ రెండూ కలిపి ఈ ఒక్క పదం కిందే వస్తాయి. 'గెన్సకు' అంటే మూలకథ, అంటే నవల నుంచో మాంగా (జపాన్ బొమ్మల కథల పుస్తకం) నుంచో తీసుకున్నారని అర్థం. ఈ పదం కనపడకపోతే చాలాసార్లు కథ కూడా స్క్రీన్‌రైటర్ సొంతమే. 'కాంతొకు' సినిమా డైరెక్టర్. 'ఎన్‌షుత్సు' టీవీలో ఎపిసోడ్ డైరెక్టర్, ఇది మాత్రం ఒకే సీరియల్లో ఎపిసోడ్‌ని బట్టి మారుతుంటుంది.

అసలు కిటుకు ఇక్కడే ఉంది. పది ఎపిసోడ్ల సీరియల్లో ఇద్దరు ముగ్గురు డైరెక్టర్లు వంతులవారీగా తీస్తారు, రచయిత మాత్రం చాలాసార్లు ఒక్కరే, మొదటి నుంచి చివరిదాకా. అందుకే జపాన్‌లో టీవీ ప్రేక్షకులు 'ఫలానా రచయిత సీరియల్' అని మాట్లాడుకుంటారు. సినిమాకి వచ్చేసరికి మళ్లీ పేరు డైరెక్టర్‌ది అవుతుంది. రెండింట్లోనూ పనిచేసిన మనిషిని పట్టుకుంటే ఈ తేడా కళ్లకు కట్టినట్టు తెలుస్తుంది, సకమోటోని ఎంచుకోమంటున్నది అందుకే.

ఇంకోటి, అక్కడి లెక్క మన సీరియళ్ల లెక్క కాదు. ఏడాదిని మూడేసి నెలల చొప్పున నాలుగు ముక్కలు చేసి, జనవరి, ఏప్రిల్, జులై, అక్టోబర్‌లలో కొత్తవి మొదలుపెడతారు. ఒక్కో ముక్కని 'కూర్' అంటారు. వారానికి ఒక ఎపిసోడ్, ప్రకటనలు తీసేస్తే 45 నిమిషాలు అటూ ఇటూ, మొత్తం పది పదకొండు ఎపిసోడ్లు, కథ ముగుస్తుంది, అంతే. అంటే ఒక్కో సీరియల్ ఎనిమిది గంటల పని. వారాంతంలో ఒకటి అయిపోతుంది. జపాన్ జాతీయ ప్రసార సంస్థ ఎన్‌హెచ్‌కే వాళ్ల పొద్దుటి సీరియళ్లు, ఏడాది పొడుగునా నడిచే 'తైగా' చారిత్రక సీరియళ్లు వేరే జాతి, వాటి జోలికి ఇప్పుడే వద్దు.

ఒక పట్టిక గీసుకోండి

నోట్‌బుక్ అయినా సరే, ఎక్సెల్ అయినా సరే. ఏడాది, ఛానల్, వారం-టైమ్, సొంత కథా మూలకథ వేరేవాళ్లదా, ఎవరు తీశారు, ఎవరు నటించారు. ఈ ఆరు గళ్లు నింపడానికి ఒక సాయంత్రం పడుతుంది. బోరుగా అనిపిస్తుంది గానీ మానేయకండి. నాకు సినిమాలు చూసి అర్థం కానివి కొన్ని ఈ పట్టిక చూశాక అర్థమయ్యాయి.

ఉదాహరణకి 'మదర్' (2010), 'ఉమన్' (2013), 'అనోనె' (2018). మూడూ నిప్పాన్ టీవీ, మూడూ బుధవారం రాత్రి 10 గంటలవి, మూడింటికీ ప్రధాన డైరెక్టర్ మిజుతా నొబువో. విడివిడిగా చూసినప్పుడు మూడు వేర్వేరు కథలు. పట్టికలో ఒకదాని కింద ఒకటి పడేసరికి, తల్లి అంటే ఎవరు అన్న ఒక్క ప్రశ్నని ఆయన ఎనిమిదేళ్ల పాటు అదే వారం, అదే గంటలో తిప్పి తిప్పి అడిగాడని తెలిసింది. 'మదర్'లో ఒక స్కూల్ టీచర్, ఇంట్లో చిత్రహింసలు పడుతున్న తన విద్యార్థిని ఎత్తుకుపోయి సొంత కూతురిలా పెంచుకుంటుంది. చట్టం ప్రకారం అది కిడ్నాప్. అక్కడి నుంచి కథ ఎటు పోతుందో చెప్పను.

నటుల గడి కూడా వదలొద్దు. 'మాన్‌స్టర్'లో స్కూల్ ప్రిన్సిపల్‌గా చేసిన తనకా యూకో ఆ మూడు బుధవారం సీరియళ్లలోనూ ఉంది. టీచర్‌గా చేసిన నగయమా ఎయిటా అంతకుముందు సకమోటో రాసిన రెండు ఫుజీ టీవీ సీరియళ్లలో హీరో. అంటే నేను మొదటిసారి 'మాన్‌స్టర్' చూసి కొరె-ఎడా ఎంత బాగా నటుల్ని ఎంచుకున్నాడో అనుకున్న చోట, సగం మంది అప్పటికే రచయిత గొంతుకి అలవాటు పడ్డవాళ్లు.

ఏది ముందు చూడాలి

కాలక్రమంలో చూడకండి. చాలామంది చేసే తప్పు ఇదే. 1987లో ఫుజీ టీవీ కుర్ర రచయితల కోసం స్క్రిప్ట్ పోటీ మొదలుపెడితే, మొదటి ఏడాదే 19 ఏళ్ల సకమోటో గెలిచాడు. నాలుగేళ్లకి, 1991 జనవరిలో, 'టోక్యో లవ్ స్టోరీ'. సోమవారం రాత్రి 9 గంటలకి వచ్చేది, ఆ సమయాన్ని జపాన్‌లో 'గెక్కు' అంటారు, 'సోమవారం తొమ్మిది' అని పొట్టిగా. చివరి ఎపిసోడ్‌కి 32.3 శాతం రేటింగ్ వచ్చింది. కానీ దానికి మూలకథ సైమోన్ ఫుమి మాంగా, అప్పటి ఫ్యాషన్లు, అప్పటి టెలిఫోన్ బూత్‌లు, ఫోన్ కలవక తప్పిపోయే ప్రేమికులు. ఇప్పుడు మొదటగా అది చూస్తే, ఇదేనా ఇంత పేరున్న రచయిత, అని రెండో ఎపిసోడ్‌కే ఆపేస్తారు.

నా సలహా: 'క్వార్టెట్' (2017, టీబీఎస్) మొదటి రెండు ఎపిసోడ్లతో మొదలుపెట్టండి. తర్వాత 'మదర్' మొత్తం. తర్వాత 'మాన్‌స్టర్'. ఆ తర్వాత వెనక్కి వెళ్లి 'టోక్యో లవ్ స్టోరీ'. అప్పటికి మీ చెవి తయారై ఉంటుంది, హీరోయిన్ రికా మాట్లాడే తీరులో తర్వాతి పాత్రల మొలకలు దొరుకుతాయి. 2011లో వచ్చిన 'సొరెదెమొ, ఇకితె యుకు' మాత్రం మనసు బాగున్న రోజుల్లో పెట్టుకోండి. 'అయినా సరే, బతుకుతూ పోవడమే' అన్నట్టుంటుంది ఆ పేరు. చంపబడ్డ చిన్నపిల్ల అన్నయ్య, చంపినవాడి చెల్లెలు, వీళ్లిద్దరూ ఎదురుపడితే ఏం మాట్లాడుకుంటారు అన్నదే కథ. నేను రోజుకి ఒకటి కన్నా చూడలేకపోయాను.

ఎక్కడ దొరుకుతాయి అంటే దేశాన్ని బట్టి, నెలను బట్టి మారుతుంటాయి, వెతుక్కోవాల్సిందే. 2023లో నెట్‌ఫ్లిక్స్‌తో ఆయన ఐదేళ్ల ఒప్పందం చేసుకున్నాడు, ఆ ఏడాదే వాళ్లకి ఓడలో జరిగే ఒక ప్రేమకథ-మర్డర్ మిస్టరీ రాశాడు. సులువుగా దొరుకుతుంది కదా అని దాంతో మాత్రం మొదలుపెట్టకండి. ఆయన రాసినవాటిలో తేలికైనది అది.

నిమ్మకాయ సీన్: చేత్తో రాసి చూడండి

చూడటం ఒకటి, రాసి చూడటం ఒకటి. 'క్వార్టెట్' మొదటి ఎపిసోడ్‌లో నలుగురు సంగీత కళాకారులు కరుయిజావా అనే కొండ ఊళ్లో ఒకే ఇంట్లో దిగుతారు. భోజనానికి కూర్చుంటారు. బల్ల మధ్యలో పళ్లెంలో కరాగే, అంటే పిండిలో ముంచి వేయించిన చికెన్ ముక్కలు. ఇద్దరు చనువుగా నిమ్మకాయ తీసి ముక్కలన్నిటి మీదా పిండేస్తారు. వయోలా వాయించే ఇయెమోరి అక్కడ ఆగిపోతాడు. ఎందుకు పిండారు అంటాడు. కడిగేస్తే పోతుందా, వెనక్కి తీసుకోగలమా అంటాడు. సరే ఇకమీద 'పిండనా?' అని అడుగుతాంలే అంటే అదీ ఒప్పుకోడు, అలా అడిగితే ఎవరైనా వద్దనగలరా, అడిగిన క్షణమే జవాబు ఖాయమైపోయింది కదా అన్నది అతని బాధ.

నవ్వొస్తుంది. నేనూ నవ్వాను. ఆ నలుగురిలో మకి అనే ఆవిడ భర్త కనపడకుండా పోయాడు. తర్వాత ఎప్పుడో ఆమె తన పెళ్లి గురించి చెప్తూ, ఒకసారి భర్తకి తెలియకుండా అదే హోటల్లో కూర్చుని ఉండగా, కరాగే మీద నిమ్మకాయ తనకి అస్సలు పడదని అతను వేరే మనిషితో చెప్పడం విన్నానంటుంది. అన్నాళ్లూ ఇంట్లో ఆమె పిండి పెడుతూనే ఉంది, అతను తింటూనే ఉన్నాడు. అప్పుడు మొదటి సీన్‌కి మళ్లీ వెళ్లి చూడండి, నవ్వు రాదు.

ఇప్పుడు ఆ సీన్‌ని జపాన్ స్క్రిప్ట్ పద్ధతిలో కాగితం మీద పెట్టండి. అక్కడ స్క్రిప్ట్ నిలువుగా, కుడి నుంచి ఎడమకి రాసే సంప్రదాయం. గళ్ల కాగితానికి 200 అక్షరాలు, వరుసకి 20 చొప్పున పది వరుసలు, దాన్ని 'పెరా' అంటారు. రెండు పెరాలు, అంటే 400 అక్షరాలు, తెర మీద దాదాపు ఒక నిమిషం అని వాళ్ల మోటు లెక్క. ప్రతి సీన్ మొదట్లో ఒక సున్నా చుట్టి పక్కన చోటు రాస్తారు, ఆ వరుసని 'హషిరా' అంటారు, అంటే స్తంభం. మనుషులు ఏం చేస్తున్నారో చెప్పే వరుసలు 'తొగకి', వాటిని కొంచెం కిందికి దింపి రాస్తారు. మాటలు 'సెరిఫు', ముందు పాత్ర పేరు, తర్వాత మాట.

మీరు తెలుగులోనే, అడ్డంగానే రాసుకోండి, ఏం ఫర్వాలేదు. సీన్ ఆపుతూ ఆపుతూ రాయాలి, అంతే. నాకు మొదటిసారి గంటన్నర పట్టింది. రాస్తుంటే తెలిసిందేంటంటే, ఇలాంటి సీన్లో తొగకి ఎంత తక్కువ ఉంటుందో. ఎవరూ లేవరు, ఎవరూ గ్లాసు విసరరు. నలుగురూ కూర్చునే ఉంటారు, మాటలే అటూ ఇటూ పోతుంటాయి, అసలు విషయం మాత్రం ఎవరూ ఎత్తరు. ఇదే పని 'మదర్'లో ఏదైనా సీన్‌కి చేసి చూడండి, లెక్క తిరగబడుతుంది, అక్కడ పిల్ల ఏ వస్తువుని ఎలా పట్టుకుందో రాయడానికే వరుసలు పోతాయి. ఒకే మనిషి ఇన్ని రకాలుగా రాస్తాడా అన్నది మాటల్లో చెప్తే నమ్మబుద్ధి కాదు, పేజీ పక్కన పేజీ పెట్టుకుంటే కనపడుతుంది.

ఆయన స్క్రిప్టులు కొన్ని జపాన్‌లో పుస్తకాలుగా కూడా అచ్చయ్యాయి. జపనీస్ కాస్త చదవగలిగితే మీ కాగితాన్ని దాంతో పోల్చుకోవచ్చు, నేను ఇంకా కూడబలుక్కునే దశలోనే ఉన్నాను.

సబ్‌టైటిల్స్‌ని పూర్తిగా నమ్మకండి

'క్వార్టెట్'లో ఆ నలుగురూ ఒకే కప్పు కింద ఉంటూ కూడా ఒకరితో ఒకరు చాలావరకు గౌరవంగా, మన భాషలో చెప్పాలంటే 'మీరు' స్థాయిలో మాట్లాడుకుంటారు. ఇంగ్లిష్ సబ్‌టైటిల్స్‌లో ఇది పూర్తిగా ఎగిరిపోతుంది, అన్నీ 'యూ' అయిపోతాయి. తెలుగువాళ్లకి ఇక్కడ ఒక లాభం ఉంది, మనకి మీరు-నువ్వు తేడా చిన్నప్పటి నుంచీ నోట్లో ఉన్నదే. వాక్యం చివర 'దెసు', 'మసు' అని వినపడితే గౌరవం, అవి లేకుండా తెగిపోతే చనువు. ఈ రెండు చప్పుళ్లకి చెవి పెట్టండి చాలు. ఒక పాత్ర ఉన్నట్టుండి చనువులోకి జారితే, ఆ సీన్లో ఏదో విరిగిందనో అతుక్కుందనో అర్థం, సబ్‌టైటిల్‌లో ఏమీ లేకపోయినా.

ఖాళీ ఏళ్లలో ఏం చేశాడో చూడండి

పట్టికలో గడులు ఖాళీగా కనిపిస్తే ఏదో అయిపోయిందనుకోకండి. 1990లలో టీవీ బయట ఆయన చేసిన పని ఒకటుంది, నాకైతే కాన్ అవార్డు కన్నా అదే ఆసక్తిగా అనిపించింది. 1997లో సెగా సాటర్న్ అనే గేమ్ కన్సోల్ మీద 'రియల్ సౌండ్' అని ఒక వీడియో గేమ్ వచ్చింది. దాంట్లో వీడియో లేదు. తెర నల్లగా ఉంటుంది, వినడమే ఆట, చూపు లేనివాళ్లూ ఉన్నవాళ్లూ సమానంగా ఆడగలిగేట్టు చేశారు. దానికి స్క్రిప్ట్ రాసింది సకమోటో. బొమ్మే లేనప్పుడు రచయిత చేతిలో మిగిలేది గొంతులు, అడుగుల చప్పుడు, మౌనం. 2012 నుంచి ఆయన చేస్తూ వస్తున్న స్టేజ్ రీడింగులు కూడా ఇలాంటివే, ఒక మగ, ఒక ఆడ కూర్చుని ఒకరికొకరు రాసుకున్న ఉత్తరాలు, మెయిళ్లు చదువుతారు, అంతే.

మధ్యలో పక్కదారులూ ఉన్నాయి. 2006లో 'సైయూకీ', కోతిరాజు సన్ గోకూ కథ, కర్ర తిప్పడాలు, రాక్షసులు, పిల్లలతో కలిసి చూసే సోమవారం తొమ్మిది సీరియల్. మరుసటి ఏడాదే స్కూల్లో ఒక పిల్ల చావు చుట్టూ తిరిగే 'వతషితాచి నో క్యోకషో', దానికి ముకోదా కునికో అవార్డు. ముకోదా గొప్ప టీవీ రచయిత్రి, 1981లో తైవాన్‌లో విమాన ప్రమాదంలో పోయింది, ఆమె పేరు మీద టీవీ రచయితలకే ఇచ్చే అవార్డు అది. ఈ రెండూ పక్కపక్కన ఒక్కో ఎపిసోడ్ చూడండి. మొదటిది మొత్తం చూడక్కర్లేదు, నేను మూడు చూసి వదిలేశాను.

2018లో 'అనోనె' అయ్యాక కొన్నాళ్లు సీరియళ్లు రాయనని చెప్పి పక్కకి తప్పుకున్నాడు. ఆ విరామం తర్వాత 2021 జనవరిలో 'హనతబ మితై న కొయి ఒ షిత' అనే సినిమా వచ్చింది, పూలగుత్తి లాంటి ప్రేమ అనొచ్చు. టోక్యోలోని మెయిదైమయె స్టేషన్లో ఆఖరి రైలు తప్పిపోయిన ఒక అబ్బాయి, ఒక అమ్మాయి, ఒకే పుస్తకాలు, ఒకేలాంటి బూట్లు, ఐదేళ్లు. పెద్ద మలుపులేమీ లేవు, ఉద్యోగాలు వచ్చాయి, అంతే, అదే విలన్.

ఎవరి చెయ్యి ఎంత

చివరగా చేయాల్సింది పోలిక. 'క్వార్టెట్'కి ప్రధాన డైరెక్టరూ, 'హనతబ'ని తీసిందీ ఒకరే, దొయి నొబుహిరో. 2025లో వచ్చిన 'కతఒమొయి సెకై' కూడా ఆయనదే. అదే ఏడాది ఫిబ్రవరిలో వచ్చిన 'ఫస్ట్ కిస్'ని తీసింది త్సుకహరా అయుకొ. రచయిత ఒకరే, డైరెక్టర్లు వేరు. ఇవి చూసి, ఏది మారింది, ఏది మారలేదు అని రెండు వరుసలు రాసుకోండి. మారనిది రచయితది అని తొందరపడి తేల్చేయొద్దు గానీ, మొదటి అంచనాకి పనికొస్తుంది. తర్వాత 'మాన్‌స్టర్'ని కొరె-ఎడా సొంతంగా రాసుకున్న ఏదో ఒక సినిమా పక్కన పెట్టండి. 'మాన్‌స్టర్' ఒకే సంఘటనని తల్లి వైపు నుంచి, టీచర్ వైపు నుంచి, పిల్లల వైపు నుంచి మూడుసార్లు చెప్తుంది. మొదటి భాగం అవగానే ఆపి, తప్పెవరిదో కాగితం మీద రాసి మడిచి పెట్టుకోండి. సినిమా అయ్యాక విప్పండి. నేను రాసింది ఎవరికీ చూపించను.

రీమేకులకి టైమ్ ఉంటే 'మదర్'ని టర్కీవాళ్లూ కొరియావాళ్లూ తీసినవి ఉన్నాయి. టర్కీది ఒక్కో ఎపిసోడ్ సినిమా అంత పొడుగు. ఒక్క మొదటి ఎపిసోడ్ చూస్తే చాలు, పిల్లని ఎత్తుకుపోవాలని టీచర్ నిర్ణయించుకునే చోటికి రావడానికి ఎవరు ఎంతసేపు తీసుకున్నారో గడియారం పెట్టి చూడండి.

ఇవన్నీ అయ్యాక తర్వాత ఎవరు అంటారా, పట్టికలో నటుల గడి చూడండి. తనకా యూకో అని చెప్పాను కదా, 1983లో మొదలైన 'ఓషిన్'లో యువతి ఓషిన్‌గా చేసింది ఆమే. దాన్ని రాసింది హషిదా సుగాకో. మొత్తం 297 ఎపిసోడ్లు, ఒక్కోటి 15 నిమిషాలు, కాబట్టి సెలవులు చూసుకుని మొదలుపెట్టండి.